రచ్చకెక్కిన కాపురం, చూసిన మనం



గత మాసంలో ఒక ఆదివారం సాయంత్రం పూజ ముగిసి జనం వెళ్ళిపోయాక, నందిగామ వైపు మా విచారణకు చెందిన ఒక పెద్దమనిషి బంగళా వరండాలోకి వచ్చి కూర్చున్నారు. ఆయన కొడుక్కి సంబంధం చూస్తున్నారు. పిల్లది జగ్గయ్యపేట అవతల ఒక ఊరు. "మీరు ఆ విచారణలో అయిదేళ్ళు చేశారు గదా ఫాదర్ గారూ, ఆ ఇల్లు ఎట్లాంటిదో మీకు తెలియకుండా ఉండదు" అన్నారు. గుడిలో పెండ్లి ప్రకటనలు చదవకముందే ఇట్లా గురువుల దగ్గర వాకబు చేయటం మన కుటుంబాలలో మామూలే. మంచి కుటుంబమేనని చెప్పబోతున్నాను. ఇంతలో ఆయన జేబులోంచి ఫోను తీసి నా ముందు పెట్టి, "వీళ్ళేనా వాళ్ళు?" అన్నారు.

ఫోనులో పుష్కరం కిందటి ఒక టీవీ కార్యక్రమం ఆడుతోంది. ఒక తల్లి ఏడుస్తోంది. ఎదుటి కుర్చీలో తండ్రి తల వంచుకుని ఉన్నాడు. తల్లి ఒడిలో ఎనిమిదేళ్ళ పాప, పండుగ గౌను వేసుకుని, దీపాల వెలుగుకు కళ్ళు చిట్లించి చూస్తోంది. ఆ పాపే ఇప్పుడు పెండ్లికూతురు కావలసిన పిల్ల.

ఇది రాయటానికి ముందు నేను ఆ ఊరు వెళ్ళి ఆ తల్లిని అడిగాను. "మా పేర్లు పెట్టకుండా రాయండి ఫాదర్ గారూ" అన్నది. ఊరి పేరు చెప్పటం లేదు. కొన్ని వివరాలు మార్చాను. అది ఏ ఛానలో, ఏ కార్యక్రమమో కూడా చెప్పబోను. ఎవరైనా ఊహించి తెలుసుకోవాలని చూస్తే, వారు ఈ వ్యాసాన్ని ఇక్కడితో ఆపివేయటం మేలు.

ఇటువంటి కార్యక్రమాలు మన ఇళ్ళల్లోకి ఎట్లా వచ్చాయో మీకు గుర్తుండే ఉంటుంది. 1995లో ఈటీవీ, జెమిని వచ్చిన కొత్తల్లో తెర మీద కనబడేవారు సినిమా వాళ్ళు, వార్తలు చదివేవాళ్ళు. మనలాంటివారు కనబడితే అది అబ్బురం. మరుసటి ఏడు 'పాడుతా తీయగా' మొదలైనప్పుడు పల్లెటూరి పిల్లలు బాలసుబ్రహ్మణ్యం గారి ఎదుట నిలబడి పాడుతుంటే, మన పిల్ల పాడినట్టే ఊరంతా చూశాం. తరువాత 'స్టార్ మహిళ'లో సుమ గారితో మన గృహిణులు ఆటలాడి, నవ్వి, చీరలు గెలుచుకున్నారు. 2014 నుంచి 'మీలో ఎవరు కోటీశ్వరుడు' వచ్చి, చదువుకున్న పిల్లలు, చిన్న ఉద్యోగులు నాగార్జున ఎదుట కుర్చీలో కూర్చున్నారు. వీటిలో నాకు తప్పేమీ కనబడదు. అక్కడికి వెళ్ళినవారు తమకు చేతనైనదాన్ని తీసుకుపోయారు. పాటో, తెలివో, చలాకీతనమో. ఓడిపోయినా ఇంటికి వచ్చి నవ్వుతూ చెప్పుకోదగినదే.

నేను చెప్పదలచుకున్నది ఇంకో తరహా. అక్కడికి పోయేవారు తీసుకుపోయేది తమ పాటను కాదు, తమ పుండును. జీ తెలుగులో 'బతుకు జట్కా బండి' అని వచ్చింది. సుమలత, జీవిత వంటి సినీతారలు దాన్ని నడిపారు. రోజా నడిపిన 'రచ్చబండ' మరొకటి. భార్యాభర్తలు, అత్తాకోడళ్ళు, వదిలేసి పోయినవాడు, లేచిపోయిన పిల్ల, వీరంతా తమ సొంత ముఖాలతో, సొంత పేర్లతో వచ్చి కూర్చుని తగవు చెప్పుకోవటం, మధ్యనున్న తార తీర్పులాంటిది చెప్పటం ఆ పద్ధతి. మళయాళంలో అమృతా టీవీ వారి 'కథయల్లితు జీవితం', తమిళంలో జీ తమిళ్ వారి 'సొల్వదెల్లాం ఉణ్మై' ఇదే బాటవి. తమిళ కార్యక్రమం మీద ఎవరో కోర్టుకు వెళ్ళగా 2018లో మద్రాసు హైకోర్టు మదురై ధర్మాసనం దాని ప్రసారాన్ని తాత్కాలికంగా నిలిపింది. హిందీలో 2009లో స్టార్ ప్లస్‌లో 'సచ్ కా సామ్నా' అని వచ్చింది. తల్లిదండ్రులను, భార్యను ఎదురుగా కూర్చోబెట్టి, మనిషిని సిగ్గుపడే ప్రశ్నలు 21 అడిగి, అన్నింటికీ నిజం చెబితే కోటి రూపాయలు. పార్లమెంటులో గొడవ జరిగింది. ఢిల్లీ హైకోర్టుకు వెళ్ళినవారి పిటిషన్లు మాత్రం కొట్టివేయబడ్డాయి. ఆ ఆటకు పుట్టిల్లు కొలంబియా దేశం. అక్కడ 2007లో ఒకామె తన భర్తను చంపించటానికి మనిషిని కుదుర్చుకున్నానని తెర మీద ఒప్పుకున్నాక దాన్ని ఆపేశారు.

ఇదంతా మన కాలపు పాడుబుద్ధి అనుకోవద్దు. అమెరికాలో 1945లో రేడియోలో మొదలై, తరువాత టీవీకి వచ్చి 1964 దాకా నడిచిన 'క్వీన్ ఫర్ ఎ డే' అనే కార్యక్రమం ఉండేది. నలుగురైదుగురు పేద స్త్రీలు వచ్చి తమ కష్టం చెప్పుకునేవారు. మంచం పట్టిన భర్త, కాళ్ళు రాని బిడ్డ, కుట్టుమిషను కొనలేని విధవ. అందరి కథలూ విన్నాక సభలోనివారు చప్పట్లు కొట్టాలి. చప్పట్లను కొలవటానికి ఒక మీటరు ఉండేది. ఎవరికి ముల్లు ఎక్కువ లేస్తే ఆమెకు కిరీటం పెట్టి, కావలసిన సామాను ఇచ్చి పంపేవారు. మిగిలినవారి సంగతి ఆలోచించండి. వారి కష్టం చాలలేదన్నమాట. దుఃఖాన్ని తూకం వేసే కాటా అప్పటికే తయారయింది. మన జగ్గయ్యపేటలో మిరపకాయకు కూడా తాలు, తేమ చూసి ధర కడతారు గదా, అట్లా.

ఇక మన కథకు వస్తాను.

ఆ తల్లి టీవీకి పోకముందు మూడుసార్లు నా దగ్గరకు వచ్చింది. మొదటిసారి ఫిబ్రవరిలో, గుణదల మాత ఉత్సవాలకు బస్సు మాట్లాడే హడావుడిలో ఉన్నాను. "తిరనాళ్ళ అయినాక రామ్మా" అన్నాను. రెండవసారి మిరప కోతలప్పుడు, కూలి నుంచి అట్లాగే వచ్చింది. చేతులు మండుతున్నాయని కొంగు తడిపి చుట్టుకుని ఉంది. భర్త తాగి కొడుతున్నాడనీ, కూలి డబ్బులు లాక్కుంటున్నాడనీ, చర్చి పెద్దలకు చెబితే ఇద్దరినీ సర్దుకుపొమ్మంటున్నారనీ చెప్పింది. ఆ పెద్దలలో ఇద్దరు ఆమె భర్తతో కలిసి కూర్చునేవారేనని నాకు తెలుసు. ప్రార్థన చేసుకోమన్నాను, ఓర్చుకోమన్నాను. మూడవసారి వచ్చినప్పుడు నేను ఊళ్ళో లేను. ఉపదేశిగారు కబురు రాసి పెట్టారు. ఆ కాగితం చదివి బల్ల మీద పెట్టిన సంగతి నాకు గుర్తుంది. తరువాత ఏమైందో గుర్తులేదు.

టీవీ వారు మాత్రం కారు పంపారు. హైదరాబాదు రహదారి మన గుమ్మాల ముందునుంచే పోతుంది గదా. గరికపాడు దాటి, కోదాడ దాటి, పొద్దున్నే ఆమెను, భర్తను, పాపను తీసుకుపోయారు. పిలిస్తే అతడు ఎట్లా వెళ్ళాడు అని అడిగాను ఈమధ్య. "టీవీలో పడతామన్నారు గదా ఫాదర్ గారూ, చొక్కా ఇస్త్రీ చేయించుకుని మరీ వచ్చాడు" అని నవ్వింది.

అక్కడ ఏం జరిగిందో ఆమె చెబితేనే నాకు తెలిసింది. మొదటిసారి ఏడ్చినప్పుడు మైకు సరిగా పెట్టలేదట. "అమ్మా, అక్కడినుంచి మళ్ళీ చెప్పండి" అన్నారట. రెండవసారి ఏడుపు రాలేదు. కాసేపు ఆగారు. అప్పుడు పాపను లోపలికి తెచ్చి ఒడిలో కూర్చోబెట్టారు. ఏడుపు వచ్చింది. మనం ఇళ్ళల్లో చూసి కళ్ళు తుడుచుకున్నది ఆ రెండవ ఏడుపును.

మనం అన్నాను. అవును, నేనూ చూశాను. మన విచారణవారు టీవీలో వస్తున్నారని తెలిసి, బంగళా హాలులో యువకులతో కలిసి కూర్చుని చూశాను. అత్తను గురించి ఆమె ఏదో మోటుగా అన్న మాటకు అందరూ నవ్వారు. నేనూ నవ్వాను. మధ్యలో ప్రకటనలు వచ్చినప్పుడు ఎవరో మరమరాలు పంచారు.

ఇప్పుడు ప్రశ్న ఏమిటంటే, ఇందులో తప్పు ఎక్కడుంది? ఉన్నదా అసలు?

వాళ్ళు ఇష్టపడే వెళ్ళారు గదా అంటారు కొందరు. కాగితం మీద వేలిముద్ర కూడా వేసి ఉంటారు. రామంతాపూర్ సెమినరీలో తత్త్వశాస్త్రం చదివే రోజుల్లో కాంట్ అనే జర్మను తత్త్వవేత్త గురించి చెప్పేవారు. మనిషిని, అది ఇతరుడైనా సరే, నీవే అయినా సరే, కేవలం ఒక పనికి సాధనంగా వాడుకోకూడదని ఆయన వాదం. వస్తువుకు ధర ఉంటుంది, మనిషికి ధర కట్టలేనిది ఉంటుంది. పరీక్ష కోసం కంఠతా పట్టాను, మార్కులు కూడా బాగానే వచ్చాయి. అందులో 'నీవే అయినా సరే' అన్న ముక్క ఎందుకో అప్పుడు నాకు అర్థం కాలేదు. తన్ను తాను అమ్ముకునే స్వేచ్ఛ మనిషికి లేదా? ఆకలితో ఉన్నవాడు ఒప్పుకుని సంతకం చేస్తే అది ఇష్టమా, గత్యంతరం లేకనా? పైగా ఆ ఒడిలోని పాప ఏ కాగితం మీద సంతకం పెట్టింది? ఇరవై ఏళ్ళ వయసులో తనకు వచ్చే సంబంధం గురించి ఎనిమిదేళ్ళ పిల్లను ఎవరు అడుగుతారు?

మరికొందరు, ఉన్న నిజమే గదా చెప్పింది, అబద్ధమేమీ కాదు గదా అంటారు. ఇది మొదటిదానికన్న గట్టి మాట. మనం సత్యాన్ని గౌరవించేవాళ్ళం గనుక దీనికి జవాబు చెప్పటం కష్టంగా కనిపిస్తుంది. కాని, చిన్నప్పుడు సత్యోపదేశ తరగతిలో ఎనిమిదవ ఆజ్ఞ నేర్చుకున్నప్పుడు రెండు పాపాలను విడివిడిగా చెప్పారు, జ్ఞాపకం చేసుకోండి. లేనిది కల్పించి ఒకరి పేరు చెడగొట్టటం ఒకటి. ఉన్నదే అయినా, తగిన కారణం లేకుండా, తెలియనివారికి తెలియజెప్పటం రెండవది. 1992లో వెలువడిన శ్రీసభ సత్యోపదేశ గ్రంథం ఇంకో అడుగు ముందుకు వేసి, తెలుసుకునే హక్కు లేనివానికి నిజాన్ని వెల్లడించవలసిన బాధ్యత ఎవరికీ లేదంటుంది. అంటే నిజానికి కూడా చేరవలసిన చోటు ఒకటుంది. డాక్టరుకు చూపించే పుండు బజారులో చూపిస్తే అది అబద్ధం కాదు. అయితే అక్కడ దానికి మందూ దొరకదు.

ఈ సంగతి శ్రీసభ చాలా పూర్వమే, చాలా కష్టపడి నేర్చుకుంది. తొలి శతాబ్దాలలో ఘోరపాపాలు చేసినవారు గుడి వాకిట నిలబడి, గోనె కట్టుకుని, అందరి ఎదుట ప్రాయశ్చిత్తం చేసేవారని మీరు విని ఉంటారు. ఇటలీలో కొన్నిచోట్ల దాన్ని మించి, పాపుల తప్పులను పేరు పేరునా కాగితం మీద రాసి జనం ముందు చదివించటం మొదలుపెట్టారు. పరమపూజ్య మొదటి లియో జగద్గురువులు 459లో కంపానియా, సామ్నియుం, పికేనుం పీఠాధిపతులకు జాబు రాసి ఆ పద్ధతిని ఆపించారు. వారు చెప్పిన కారణం పెద్ద వేదాంతమేమీ కాదు. కొందరు సిగ్గుతోనూ, కొందరు తమ తప్పు శత్రువుల చెవిన పడితే కోర్టుకెక్కిస్తారేమోనన్న భయంతోనూ ప్రాయశ్చిత్తానికే రాకుండా పోతారు, గురువుకు ఏకాంతంలో చెప్పుకుంటే చాలు అన్నారు. 1215లో నాలుగవ లతేరాను మహాసభ, విన్నదాన్ని వెల్లడించిన గురువుకు కఠినమైన శిక్ష విధించింది. నా గురుత్వపు ఇన్నేళ్ళలో పాపసంకీర్తనపు తడిక అవతల నేను విన్నవి నాతోనే మట్టిలోకి పోతాయి. ఈ నియమం గొప్పతనం నాకు తెలుసునని ఎన్నో ప్రసంగాల్లో చెప్పాను. హాలులో మరమరాలు తింటూ కూర్చున్న రోజున మాత్రం అది తోచలేదు.

లోకపు చట్టం కూడా ఈ విషయంలో మనకన్న మర్యాదగా ఉంది. 1984 నాటి కుటుంబ న్యాయస్థానాల చట్టం ప్రకారం భార్యాభర్తలలో ఏ ఒక్కరు కోరినా తలుపులు మూసి విచారణ జరపవలసిందే. జడ్జిగారికి వేరే మార్గం లేదు.

అయితే రచ్చబండ మాటేమిటి? మన పెద్దలు రావిచెట్టు కింద పదిమందిలో పంచాయతీలు చేయలేదా? చేశారు. 'రచ్చకెక్కటం' అన్న మాటే అక్కడినుంచి వచ్చింది. దానికీ టీవీకీ ఒక తేడా ఉంది. చెట్టు కింద తగవు విన్నవాడు మరునాడు అదే చెరువు కట్ట మీద ఆ మొగుడికి ఎదురుపడాలి. తీర్పు తప్పయితే ఆ తప్పు అతని వీధిలోనే తిరుగుతుంది. ఆ ఇంట్లో చావు వస్తే పాడె మోయవలసినవాడు కూడా అతడే. విన్నందుకు అతనికి ఒక బాకీ పడుతుంది. టీవీలో విన్నవారికి ఏ బాకీ లేదు. లక్షల మంది విన్నారు, ఒక్కరు కూడా మరునాడు ఆమె వాకిట్లోకి రానక్కరలేదు. రిమోటు నొక్కితే చాలు, ఇంకో ఇంటి తగవు సిద్ధం.

ఇది రాస్తూనే నాకో జంకు. ఆ రచ్చబండ మీద మనవాళ్ళలో ఎంతమంది కూర్చున్నారు? మా తాతగారి కాలంలో మన పేట జనం ఆ అరుగుకు దూరంగా, చేతులు కట్టుకుని నిలబడేవారు. ఆడవాళ్ళయితే నోరెత్తటానికి లేదు. వారి తరఫున మగవాడే మాట్లాడేవాడు, తరచుగా కొట్టినవాడే. కాబట్టి పాత రచ్చబండను తలచుకుని కన్నీరు పెట్టుకునే అర్హత నాకు లేదు.

ఆ తల్లిని నేను మొన్న అడిగాను, "అమ్మా, అంతమందిలో చెప్పుకోవటానికి నీకు బాధ అనిపించలేదా?" అని.

"బాధే ఫాదర్ గారూ. కాని అక్కడ నాకు కుర్చీ వేశారు. ఏసీ గదిలో కుర్చీ వేసి, మంచినీళ్ళు ఇచ్చి, 'నువ్వు చెప్పమ్మా, నేను వింటాను' అందండీ ఆవిడ. ఆ మాట అంతకుముందు నాతో ఎవరూ అనలేదు."

ఆ మాట నాకే అని ఆమె అనుకుని అన్నదని నేననుకోను. ఆమె మనసులో అటువంటిది లేదు. నేను మాత్రం తలెత్తలేదు.

చూడండి, ఈ కార్యక్రమాలను తిట్టటం తేలిక. చప్పట్లు, సంగీతం, చెంపదెబ్బను మూడుసార్లు తిప్పి చూపటం, ఇవన్నీ మర్యాద కాదని మన ప్రసంగాల్లో పది నిమిషాలు చెప్పవచ్చు. ఆ వేదికల మీద కలిసిపోయి ఇంటికి చేరిన జంటలు కూడా ఉండి ఉంటారు, నేను కాదనను. నాకు నిద్రపట్టకుండా చేసేది వేరు. జగ్గయ్యపేటలో కోర్టుంది, నందిగామలో కోర్టుంది, పోలీసు స్టేషన్లున్నాయి, ఊరూరా గుడి ఉంది, గుడిలో పెద్దల సంఘముంది, నేనున్నాను. ఇంతమందిమి ఉండగా, తన మాట వినేవారి కోసం ఆ మనిషి రెండు వందల కిలోమీటర్లు ప్రయాణం చేసింది. మత్తయి సువార్త 18వ అధ్యాయంలో క్రీస్తు నాథుడు ఒక వరుస చెప్పాడు. మొదట ఒంటరిగా, తరువాత ఇద్దరు ముగ్గురితో, ఆ తరువాతే సంఘం ముందు. ఆమె ఆ వరుసనంతా తప్పకుండా పాటించింది. ప్రతి మెట్టు దగ్గరా తలుపు మూసినది మేము.

చూసేవారి సంగతికి వస్తే, పునీత అగుస్తీను వారు తమ ఆత్మకథలో తమ మిత్రుడు అలీపియుసును గురించి రాశారు. న్యాయశాస్త్రం చదవటానికి రోముకు వెళ్ళిన అలీపియుసుకు కత్తిపోట్ల క్రీడలంటే అసహ్యం. స్నేహితులు బలవంతాన లాక్కుపోతే, నా శరీరాన్ని తీసుకుపోగలరు గాని నా కళ్ళను కాదని కళ్ళు మూసుకుని కూర్చున్నాడట. ఎవరో పడిపోయారు. జనం ఒక్కసారిగా కేక పెట్టారు. ఆ కేక విని, ఏమిటో చూద్దామని, చూసినా నన్నేమీ చేయదులే అని కళ్ళు తెరిచాడు. అంతే. కిందపడ్డవానికన్న ఇతనికి తగిలిన గాయమే లోతైనదంటారు అగుస్తీను వారు. తరువాత ఇతరులను కూడా వెంటబెట్టుకుని వెళ్ళేవాడయ్యాడట. ఆ మనిషి ఆ తరువాత మారి పీఠాధిపతి అయ్యాడు గనుక మనలాంటివారికి కొంచెం ఆశ ఉన్నది.

నాకు అందులో ముఖ్యంగా కనబడేది చెవి. అతన్ని పడగొట్టింది దృశ్యం కాదు, పదిమంది కేక. అందరూ చూస్తున్నారు గనుక నేను చూడటం తప్పనిపించదు. బంగళా హాలులో నేను ఒంటరిగా ఉండి ఉంటే ఆ మాటకు నవ్వేవాణ్ణా?

వ్యభిచారమందు పట్టుబడిన స్త్రీని తెచ్చి జనం మధ్యలో నిలబెట్టినప్పుడు, యోహాను సువార్త ప్రకారం, ప్రభువు వంగి నేల మీద రాస్తూ ఉన్నాడు. ఏం రాశాడోనని వ్యాఖ్యానకారులు శతాబ్దాలుగా ఊహిస్తున్నారు. నాకు ఈమధ్య వేరే తోస్తున్నది. అందరి చూపూ ఆమె మీద ఉన్నప్పుడు ఆయన చూపు నేల మీద ఉంది. జనమంతా వెళ్ళిపోయిన తరువాతనే తల ఎత్తి ఆమెతో మాట్లాడాడు. సమరియ స్త్రీకి ఆమె అయిదుగురు భర్తల సంగతి చెప్పింది కూడా బావి దగ్గర, శిష్యులు ఊళ్ళోకి పోయినప్పుడు.

వరండాలో కూర్చున్న పెద్దమనిషి దగ్గరకు తిరిగి వస్తాను.

"ఇందులో మీకు ఏం కనబడింది?" అని అడిగాను.

"ఏముందండీ, తండ్రి తాగుబోతు, తల్లి నోరుగలది. ఆ ఇంటి పిల్ల ఎట్లా ఉంటుంది?"

ఆయనకు నేను చెప్పినది ఇది. ఆ వీడియో ముప్పావుగంట ఉంటుంది. దాని తరువాత పన్నెండేళ్ళు గడిచాయి. ఆ తండ్రి టీవీ వల్ల మారలేదు. టీవీకి పోయి వచ్చాక నవ్వుతున్నారని ఇంకా ఎక్కువ తాగాడు. రెండేళ్ళకు లివరు పాడై, విజయవాడలో ఆసుపత్రిలో పడి ఉంటే, ఆ 'నోరుగల' మనిషే రెండు నెలలు మంచం కింద పడుకుని చూసుకుంది. లేచాక మళ్ళీ ముట్టలేదు. ఇప్పుడు సిమెంటు ఫ్యాక్టరీలో లోడింగు పనికి పోతున్నాడు, జీతం తెచ్చి ఆమె చేతికి ఇస్తున్నాడు. పిల్ల విజయవాడలో నర్సింగు చదువుతోంది. ఆ పన్నెండేళ్ళను ఎవరూ వీడియో తీయలేదు. తీస్తే ఎవరూ చూడరు కూడా, అందులో చెంపదెబ్బలు లేవు గదా.

పాత రోజుల్లో ప్రసారమైనది గాలిలో కలిసిపోయేది. ఒకవారం చెప్పుకుని మరిచేవారు. ఇప్పుడట్లా కాదు. యూట్యూబులో పెట్టినది పెట్టినట్టే ఉంటుంది. పన్నెండేళ్ళ కిందటి ఏడుపు ఈ రోజు ఏడ్చినట్టే ఉంటుంది. మారిన మనిషిని మారనివాడిగా నిలబెట్టటం కన్న పెద్ద అన్యాయం ఏముంటుంది చెప్పండి? పాపాన్ని క్షమించి మరచిపోయే దేవుణ్ణి మనం నమ్ముతాం, మరచిపోవటం చేతగాని యంత్రాన్ని జేబులో పెట్టుకుని తిరుగుతున్నాం.

పెద్దమనిషి అంతా విన్నారు. మంచివారే. ఫోను జేబులో పెట్టుకుని, ఇంట్లో మాట్లాడి చెబుతామన్నారు. పది రోజులకు, అబ్బాయి ఇప్పుడే చేసుకోనంటున్నాడని కబురు చేశారు. నిజమే కావచ్చు.

మేము చేసినది కూడా చెప్పాలి. మా విచారణలో ఇప్పుడు గురువారం సాయంత్రాలు ఒక గది కేటాయించాం. వచ్చినవారు చెప్పుకుంటారు. ఒక సిస్టరుగారు, చర్చి పెద్దలలో ఇద్దరు స్త్రీలు, నేను వింటాం. తలుపు మూస్తాం. మా ఫోన్లు కూడా ఉపదేశిగారి దగ్గర పెట్టి లోపలికి వెళ్తాం. దెబ్బలున్నచోట సర్దుకుపొమ్మనటం లేదు, పోలీసు స్టేషనుకు తోడు వెళ్తున్నాం. మొదటి రెండు వారాలు ఎవరూ రాలేదు. మూడవవారం ఒకామె వచ్చి, గుమ్మంలోనే నిలబడి, "నిజంగా వింటారా?" అని అడిగింది. కుర్చీ వేశాం.

ఆ వీడియోను తీయించమని ఛానలువారికి ఉత్తరం రాయటానికి పిల్ల పేరు, సంతకం కావలసి వచ్చింది. సెలవులకు ఇంటికి వచ్చిందని తెలిసి వెళ్ళాను. కాగితం చదివి సంతకం పెట్టింది. తల్లి కాఫీకి లోపలికి వెళ్ళినప్పుడు తలెత్తి, "ఫాదర్ గారూ, అప్పుడు టీవీలో మీరూ చూశారా?" అని అడిగింది.

"చూశానమ్మా" అన్నాను.

"నేను ఇంతవరకూ చూడలేదండీ" అన్నది.